మిక్సీ ఆగిన చోట

పాత ప్రభుత్వం ఉన్నన్నాళ్లూ ప్రతి వంటింటి గోడలో మాటలు రికార్డు చేసే ఒక చెవి ఉండేది. అందుకే జనం ముందు మిక్సీ వేసి, ఆ తర్వాతే నోరు విప్పేవాళ్లు. ఆ ప్రభుత్వం కూలాక, ఏ ఇంటి రికార్డులు ఆ ఇంటికే ఇస్తోంది సత్య కమిషన్. తిరిగిరాని తన తమ్ముణ్ణి ఎవరు పట్టించారో హైమవతి రేపు వాంగ్మూలం ఇవ్వాలి.

భర్త పురుషోత్తాన్ని పక్కన కూర్చోబెట్టుకుని, తమ్ముణ్ణి పట్టుకుపోయిన నాటి రికార్డు పెట్టింది. అంతా మిక్సీ హోరే. ఆమె మనసు కాస్త కుదుటపడింది. ఇంతలో హోరు ఆగింది.

"నూజివీడులోనే దాక్కుంటా బావా," అంటున్న తమ్ముడి గొంతు స్పష్టంగా వినబడింది. ఆ వెంటనే మళ్లీ హోరు.

"కరెంటు పోయి వచ్చినట్టుంది," అన్నాడు పురుషోత్తం, బల్ల మీది మెతుకులు ఏరుతూ.

"గోడలో చెవి నడిచేదీ కరెంటు మీదేగా," అంది హైమవతి మెల్లగా. "కరెంటు పోతే వాడి మాట ఎట్లా విందండీ?"

ఆ చెవి పీకేసి నెలలయింది. అయినా పురుషోత్తం లేచి వెళ్లి, ఖాళీ మిక్సీ వేసి, అప్పుడు నోరు విప్పాడు.