సంగటి తిని లేచిన గోడ

“దీంట్లో రాసిండేది నీ పేరే కదా సారూ?” అంటూ తిప్పమ్మ లాయరు నోటీసును తహశీల్దారు హరినాథ్ బల్ల మీద పెట్టింది.

ఆయన చదివాడు. సమాధుల తోటకు పోయే దారికి అడ్డంగా కట్టిన గోడను తీసేయమని హైకోర్టు ఎప్పుడో చెప్పింది. గడువు దాటినా ఆయన కదల్లేదు. ఇక కోర్టు ధిక్కారం కింద స్వయంగా పోయి జడ్జి ముందు నిలబడాలి.

“సర్వేయరు లేడమ్మా, అందుకే...”

“పోయిన తూరి పోలీసులు రాలేదంటివి. ఇప్పుడు సర్వేయరా? హనుమంతరాయుడంటే భయమని చెప్పు, పోతుంది.”

నిజమే మరి! హనుమంతరాయుడు కన్నెర్రజేస్తే ఆ మండలంలో ఏ అధికారీ కుదురుగా ఉండలేడు. ఆ గోడ ఆయనదే.

కేసు వేసింది తిప్పమ్మ పక్కన నిలబడిన సువార్త. వేయించింది మాత్రం తిప్పమ్మే. సువార్త చేతిలో సున్నం సంచి ఉంది. ఈస్టరు తెల్లవారేలోగా పెనిమిటి జాకబ్ సమాధికి వెల్ల వేయాలి.

“వద్దులేమ్మా, ఈసారికి గోడ చుట్టూ తిరిగి వాగు వంకలో దిగి పోతాం,” అంది సువార్త భయంగా.

“నోరు ముయ్యి! జాకబ్ శవప్పెట్టె ఆ వంకలోని కంపల్లో తగులుకొని కిందపడింది. నేను చూసినా. ఆ పొద్దు నుంచి నాకు ముద్ద దిగలేదు. ఈ పండగకు నువ్వు నేరుగానే పోవల్ల.”

“ఆయన ఎవరి మాటా వినడమ్మా,” అన్నాడు హరినాథ్.

“వాడా? వానికి అరిచేది ఒకటే వచ్చు.”

అంత పెద్దమనిషిని ‘వాడు’ అంటోంది! ఈ ముసలమ్మ గుండె ఎంత గట్టిదో అనుకున్నాడు హరినాథ్.

“ఆ గోడ సంగతి నాకు తెలీదా సారూ? కట్టేటప్పుడు కూలోళ్ళకు సంగటి కెలికి పెట్టింది నేనే. నా సంగటి తిని లేచిన గోడ అది. పడేదాకా నాకు నిద్ర రాదు.”

పాపం, పొట్టకూటికి ఆ ఇంట్లో వంట చేసిన మనిషి కాబోలు, రేపటి నుంచి ఆ కూడు కూడా పోతుంది అని జాలిపడ్డాడు. ఆమెకు లేని భయం తనకెందుకని సిగ్గు కూడా పడ్డాడు.

మర్నాడు పొద్దున్నే కళ్యాణదుర్గం నుంచి జేసీబీని తెప్పించాడు. సువార్తతో పాటు కాలనీ జనం దూరంగా నిలబడ్డారు. తిప్పమ్మ మాత్రం గోడ పక్కనే నిలబడి, “కానీయప్పా,” అంది డ్రైవరుతో.

అంతలో దుమ్ము రేపుకుంటూ జీపు వచ్చి ఆగింది.

“ఎవుడ్రా నా గోడ మీద చెయ్యేసేది?” హనుమంతరాయుడు జీపులోంచి దూకాడు.

హరినాథ్ కోర్టు కాగితం చాపాడు. “ఇది కోర్టు ఆర్డరు. గోడ తీయక తప్పదు,” అన్నాడు. ఆ మాట తన నోటి నుంచే వచ్చిందా అని ఆయనకే ఆశ్చర్యమేసింది.

హనుమంతరాయుడు ఆ కాగితం వైపు చూడనే లేదు. తిప్పమ్మను చూస్తూ ఉండిపోయాడు.

“ఏమప్పా, నిలబడిపోయినావు? అరుచు, వింటా,” అంది తిప్పమ్మ.

ఆయన సువార్త చంకలోని సున్నం సంచిని చూశాడు, తల దించుకున్నాడు. డ్రైవరు జేసీబీ చెయ్యి పైకెత్తాడు.

“రవ్వంత నిలుపప్పా, మా యమ్మను పక్కకు రానీ,” అన్నాడు హనుమంతరాయుడు.