దరఖాస్తులో ఖాళీ గడి

"మోకాళ్ల దాకా గౌను తొడుక్కుని గెంతడం కూడా ఒక ఉద్యోగమేనా అమ్మా?" అంటూ గంగాధరరావు గారు దరఖాస్తును బల్ల మీద పడేశారు.

అమలాపురంలో ఆ ఆడపిల్లల బడికి ఆయన అధ్యక్షులు. పేరున్న ప్లీడరు. సంధ్య వార్చనిదే మంచినీళ్లు కూడా ముట్టరు. ఎదురుగా నిలబడ్డ కామేశ్వరికి నలభై ఏళ్లుంటాయి. డ్రిల్లు టీచరు పని కోసం మద్రాసు నుంచి వచ్చింది. ఒకప్పుడు టెన్నిసు పోటీల్లో కప్పులు గెలిచిన మనిషి. తర్వాత ఓ క్లబ్బులో జీతానికి కుదిరి దొరసానులకు ఆట నేర్పింది. జీతం పుచ్చుకున్నవాళ్లను పోటీల్లోకి రానివ్వరు కనుక కప్పులు అక్కడితో ఆగాయి. దొరలు దేశం విడిచి వెళ్లాక ఆ జీతమూ ఆగింది. ఈ పని దొరక్కపోతే ఆమెకు తలదాచుకునే చోటు లేదు.

ఇదంతా చెప్పి, ఇంత తెలిసిన మనిషి మళ్లీ దొరకదని హెడ్‌మిస్ట్రెస్ సుందరమ్మగారు బతిమాలారు. దొరసానులకు బంతులు అందించిన చెయ్యి మన పిల్లలకు ఏం నేర్పుతుందన్నారు గంగాధరరావు గారు. కాళ్లు చూపించడం నేర్పుతుందని పక్కనున్న బడి కమిటీ సభ్యుడు మాణిక్యాలరావు నవ్వాడు. పొద్దున్నే జపం చేసిన అధ్యక్షులవారి నోటికి అన్నేసి మాటలు ఎలా వస్తాయో సుందరమ్మగారికి అర్థం కాలేదు.

"భర్త పేరు దగ్గర ఖాళీగా వదిలేశారేం?" అన్నారు గంగాధరరావు గారు దరఖాస్తు మళ్లీ తీసి చూస్తూ.

"చిన్నప్పుడే పెళ్లి చేసేరండి. కాపురానికి తీసుకెళ్లలేదండి."

"బతికే ఉన్నాడా?"

"ఆయ్. ఉన్నారండి."

"ఎవరో గాని బుద్ధిమంతుడు. వదిలేసి పరువు దక్కించుకున్నాడు. పేరేమిటి?"

"నోటితో చెప్పకూడదు కదండీ."

పరాయి మగాళ్ల ముందు గెంతినప్పుడు లేని ఆచారం ఇప్పుడొచ్చిందా అని ఆయన పకపకా నవ్వారు. ఆ గడి నిండనిదే దరఖాస్తు చెల్లదని, విడిగా కాగితం మీదైనా రాసిమ్మని కలం ముందుకు తోశారు. ఆమె ఎడంచేత్తో అందుకుంది.

"ఎడంచేతి వాటం కూడానా? ఆ చేత్తో వడ్డిస్తే ఎవరు తింటారమ్మా?"

"ఇన్నాళ్లూ నాకు అన్నం పెట్టింది ఇదేనండి" అని రాసి ఇచ్చింది.

గంగాధరరావు గారు కాగితం చూశారు. కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశారు. మాణిక్యాలరావు చెయ్యి చాస్తే ఇవ్వకుండా మడిచి జేబులో పెట్టుకున్నారు.

"సోమవారం నుంచి రమ్మనండి" అన్నారు సుందరమ్మగారితో.

కామేశ్వరి దణ్ణం పెట్టి వెళ్లిపోయింది. మాణిక్యాలరావు ఉండబట్టలేకపోయాడు.

"అంత పెద్దవారాండీ ఆవిడ భర్త? కలెక్టరుగారా, మంత్రిగారా?"

ఇంటిపేరుతో సహా కాగితం మీద ఉన్నది గంగాధరరావు గారి పేరే.