తండ్రి వేషం

నా తెలుగు నలభై దాటాక రాత్రి కళాశాలలో కుదురుకున్నది. ఈ కార్డులో తప్పులుంటే మన్నించండి.

మా నాన్న ముప్పై ఎనిమిదేళ్లుగా సినిమాల్లోనూ సీరియళ్లలోనూ తండ్రి వేషాలు వేస్తున్నారు. ఆయన షూటింగుల్లో ఉండగా నా చదువు ఎనిమిదో తరగతితో ఆగిపోయింది. నలభై ఏడో ఏట డిగ్రీ పట్టా పుచ్చుకొని, మొన్న ఆదివారం ఆయన చేతిలో పెట్టాను.

ఆయన కళ్లజోడు తీసి చొక్కా అంచుతో తుడిచారు. నా తల మీద చెయ్యి వేశారు.

"నేను చదివించలేకపోయానురా. నువ్వే చదువుకున్నావు. ఇక మీదట నలుగురిలో నీ తండ్రినని చెప్పుకుంటాను."

నేను ఆయన ఎదుట ఏడవడం అదే మొదటిసారి. ఇన్నేళ్లూ ఆ మాట కోసమే చదివానని అప్పుడు తెలిసింది.

మర్నాడు మధ్యాహ్నం టీవీలో ఆయన పాత సీరియల్ మళ్లీ వేశారు. తెర మీద నాన్న కళ్లజోడు తీసి, చొక్కా అంచుతో తుడిచి, డాక్టరైన కొడుకు తల మీద చెయ్యి వేసి, అవే మాటలు అన్నారు. ఒక్క అక్షరం పొల్లుపోలేదు.

పక్కనే కాఫీ తాగుతున్న ఆయన్ను అడిగాను.

"నాన్నా, నిన్న నాతో అన్నవి ఈ మాటలేనా?"

"అవునురా. అప్పుడు ఆరు టేకులు తిన్నాను, డైరెక్టరు గడ్డి పెట్టాడు. నిన్న చూశావా, ఒక్క టేకులో వచ్చేసింది! నువ్వూ భలే అందుకున్నావులే."

చదివినవారు ఈ కార్డును దాచుకోవద్దు. ఆ సీరియల్లో కొడుకు వేషం వేసిన నటుడికి చేర్చండి. ఆనాడు కన్నీళ్ల కోసం ఆయన కళ్లలో గ్లిజరిన్ వేసుకున్నారో లేదో నాకు తెలియాలి. నాకు అవసరం పడలేదు.