సిలిండర్ మీద బొట్టు

"నాలుగోసారి తిప్పుతున్నరు మేడమ్! లైఫ్ జాకెట్లు లేవన్నరు, కొనుక్కొచ్చిన. సిలిండర్ ఇంజన్ పక్కన వద్దన్నరు, ముందటికి తెచ్చి పెట్టిన. ఇగ ఇప్పుడేంది?"

మంగ్యా గొంతు చించుకున్నాడు. బాన్సువాడ నుంచి షికారుకొచ్చే జనాన్ని నమ్ముకొని కొన్న పడవ, పర్మిట్ గడువు తీరి నెల నుంచి ఒడ్డునే ఉంది మరి.

తనిఖీకొచ్చిన నిర్మల మంటలార్పే సిలిండర్ ముందు వంగింది. దాని మెడలో ఎండిన బంతిదండ ఉంది.

"గీ కుంకుమ ఏందన్నా?"

"దసరాకు ఇంజన్‌తోని పాటు దానికీ పూజ చేస్తం. మూడేండ్ల సంది మా ఇంటామె నీల ఒక్క ఏడు తప్పలే. ముఖం లెక్క గుండ్రంగ ఉందని గా మీటర్ అద్దం మీదనే బొట్టు పెడ్తది. గది కూడా తప్పేనా?"

నిర్మల రుమాలు తడిపి అతని చేతికిచ్చింది.

"నువ్వే తుడువన్నా. అద్దం లోపల గాలి ఎంతుందో చూపే ముల్లు పచ్చరంగు మీద ఉంటే ఇప్పుడే సంతకం పెడ్త."

మంగ్యా విసురుగా తుడిచాడు. కుంకుమ పొరలు పొరలుగా ఊడొచ్చింది. అడుగున ముల్లు ఎర్రగీత దాటి సున్నా మీద వాలి ఉంది.

"లోపల గాలి లేదు. ఎన్నడు పోయిందో ఏమో," అంది నిర్మల మెల్లగా.

మంగ్యా అద్దాన్ని వేలితో తట్టి చూశాడు, ముల్లు కదల్లేదు. రెండు నెలల క్రితం కొడుకు చరణ్ బడి పిల్లలందరినీ ఎక్కించుకున్నప్పుడు, "భయపడకుండ్రి, గిది ఉంది" అని అతను తట్టి చూపించింది దీన్నే.

సంతకం మాట ఇక ఎత్తలేదు. ఒడ్డుకు దిగి, పడవ తాడుకు ఇంకో ముడి వేశాడు.