అయిదుసార్లు వెళ్లొచ్చినవాడు

అమ్మ కొబ్బరాకు బుట్టలో ఎండిన అరటిపళ్ల కట్టలు సర్దుతుంటే, అన్న మతాయో తన ఆదివారం తెల్లచొక్కా తెచ్చి పైన పెట్టాడు.

"అదెందుకురా? నిన్ను చూడ్డానికి టికెట్టు కొన్నవాళ్లు నీ చొక్కా చూస్తారా?" అంది అమ్మ.

మా ఐతుతాకి దీవి మీద సినిమా తీసిన దొర, అన్నకు చొక్కా విప్పించి నారబట్ట కట్టించాడు. ఇప్పుడు ఆ సినిమా ఆడే ఊళ్లలో తెర ముందు నిలబెట్టడానికి వాణ్ణి ఓడలో తీసుకెళ్తున్నాడు.

"ఆరు నెలలేనమ్మా. కాస్త ఏడవవా?"

"ఏడుపు ఎప్పుడో అయిపోయింది. అయిదుసార్లు ఏడిపించాడు మీ దొర."

నిజమే. సినిమాలో కొడుకు పడవెక్కి వెళ్లిపోవాలి, తల్లి ఒడ్డున ఏడవాలి. ఒకసారి కుక్క అడ్డొచ్చింది, ఒకసారి అమ్మకే నవ్వొచ్చింది. ప్రతిసారీ దొర వెనక్కి రమ్మని ఒడ్డు నుంచి రుమాలు ఊపేవాడు, అన్న పడవ తిప్పుకొని వచ్చేసేవాడు.

ఓడ దగ్గరికి చేర్చే పడవ కదిలింది. ఊరంతా నవ్వుతూ చేతులూపింది.

"ఈసారి బాగా వెళ్తున్నాడే," అంది అమ్మ నాతో.

పడవ పగడపు గట్టు దాటింది. అమ్మ ఒడ్డు పొడవునా వెతికినట్టు చూసింది.

"రుమాలు ఊపేవాడేడే?"

"ఆ పడవలోనే ఉన్నాడమ్మా, అన్న పక్కన."

అమ్మ మోకాలి లోతు నీళ్లలోకి దిగి, తలమీది టోపీ తీసి ఊపడం మొదలుపెట్టింది. అన్న కూడా నవ్వుతూ తన టోపీ ఊపాడు.

మతాయో వెళ్లింది 1925 జూన్ తొమ్మిదిన. తిరిగి రాలేదు.