దాచుకున్న అడ్డుకార్డు

డ్యూటీ దిగి వచ్చి తమ్ముడి ఎదురుగా కుర్చీలో కూలబడ్డాను. నర్సు డ్యూటీకి వేసుకునే బూట్లు కూడా విప్పలేదు. విప్పితే మళ్లీ తొడుక్కోవాలి కదా అని.

వాడు అప్పటికే బల్లమీద మా కార్డుల ఆట పరిచేశాడు. ఎప్పట్లాగే, కార్డు వేయడానికి చెల్లించాల్సిన నా శక్తి రాళ్లన్నీ ఒకేసారి ఖర్చుపెట్టి, డ్రాగన్ కార్డును వాడిమీదికి వదిలాను.

“నీ వంతులోనే అంతా ఊడ్చేస్తే ఎలా అక్కా? తర్వాత నా వంతులో నేను కొడితే ఆపుకోడానికి రెండు రాళ్లయినా ఉంచుకోవా?”

“నీతులు తర్వాత చెబుదువుగాని. ముందు నీ ప్రాణం చూసుకో.”

వాడి చేతిలో మిగిలింది అడ్డుకార్డు. ఎంత పెద్ద దాడినైనా ఆపేస్తుంది. దానికి కావలసిన రెండు రాళ్లూ వాడి ముందే ఉన్నాయి. అయినా వేయలేదు. నా డ్రాగన్ వాణ్ని మట్టి కరిపించింది.

“అడ్డుకార్డు చేతిలో పెట్టుకుని ఓడిపోయావేంట్రా? పోటీలకెళ్లేవాడివి! ఎందుకు దాచినట్టు?”

వాడు గడియారం వైపు చూస్తున్నాడు.

బల్లమీద నా ఫోన్ మోగింది. వార్డు సూపర్‌వైజర్. ఎవరో రాలేదని, ఇంకో షిఫ్టు చేసిపొమ్మని ఈ వారమంతా ఇదే వేళకి పిలుస్తోంది. నేను ప్రతిసారీ సరేనన్నాను.

చెయ్యి చాచాను. ఈలోగా తమ్ముడు ఆ ఫోన్‌మీద అడ్డుకార్డు వేసి, పక్కన రెండు రాళ్లూ పెట్టాడు.

“నీ దగ్గర ఏమీ మిగల్లేదు కదక్కా. నాది వాడుకో.”

కార్డుకింద ఫోన్ మోగి మోగి ఆగిపోయింది.

నేను వంగి బూట్లు విప్పుకున్నాను.