వాకిట్లో చాప

తెల్లారేసరికి ఫాలనికో వాకిట్లో ఎవరో మోకరిల్లి ఉన్నారు. జోరున వాన. తల మీంచి మడమల దాకా, ఎర్ర ఈకలు కుట్టిన పాత చాప కప్పుకున్నారు.

సమోవా దీవుల్లో పుట్టినవాడికి దాని అర్థం ఎవరూ విడమర్చి చెప్పక్కర్లేదు. నిన్న సాయంత్రం ఇదే ఆక్లండ్ వీధిలో అతని కూతురు మెలేని కారుతో గుద్ది, ఆగకుండా పోయినవాడు తప్పు ఒప్పుకోడానికి వచ్చాడు. ఇంటాయన చాప ఎత్తితే క్షమించినట్టు. ఎత్తకపోతే వాడి ప్రాణం ఇంటాయన దయ.

"ఎత్తు, ఫాలనికో," అంది భార్య సినాలెయి. ఏడ్చి ఏడ్చి గొంతు బొంగురుపోయింది.

"పిల్లింకా ఆస్పత్రి శవాలగదిలోనే ఉందే! అసలు నువ్వేనా దాన్ని కన్నది?"

"కన్నాను కాబట్టే అడుగుతున్నా. మీ నాన్నయితే ఈపాటికి ఎత్తేసేవాడు."

"ఆయన అక్కడ సమోవాలో, మన ఊళ్ళో ఉన్నాడు. నేనిక్కడున్నా. ఇక్కడ చాపలు చెల్లవు. చట్టం ఉంది."

అన్నాడే గానీ, కాళ్ళు గుమ్మం దాకా లాక్కెళ్ళాయి. తడిసిన చాప బరువెక్కి కుంగిపోయింది. కింద మనిషి వణుకు పైకి తెలుస్తోంది. ఇంకాసేపు చూస్తే తన చెయ్యే తన మాట వినకుండా చాప ఎత్తేస్తుందని ఫాలనికోకి భయం వేసింది. గబగబా లోపలికొచ్చి పోలీసులకి ఫోన్ చేశాడు.

"నా కూతుర్ని చంపినవాడు నా వాకిట్లోనే ఉన్నాడు. వచ్చి పట్టుకుపొండి."

సినాలెయి గోడకి జారగిలబడి అలాగే కూలిపోయింది.

వచ్చిన పోలీసు కూడా సమోవావాడే. చాపని చూడగానే టోపీ తీసేశాడు.

"దాని మీద నేను చెయ్యి వెయ్యలేను పెద్దయ్యా. మా అమ్మకి తెలిస్తే గడప తొక్కనివ్వదు."

"మరి ఆ యూనిఫాం దేనికయ్యా, పెళ్ళిళ్ళకి వేసుకోడానికా?"

ఫాలనికో విసవిసా వానలోకి దిగాడు.

"కొట్టకు!" వెనకనుంచి సినాలెయి కేక వేసింది. "నీ కాళ్ళకి దణ్ణం పెడతా, కొట్టకు! ఆ చాప నాదే. నేనే కప్పాను!"

అప్పటికే చాప అంచు అతని పిడికిట్లో ఉంది. ఒక్క గుంజు గుంజాడు.

"నాన్నా," అన్నాడు, ఎక్కడో దూరాన హామిల్టన్‌లో ఉన్నాడనుకున్న పెద్దకొడుకు.